తలరాతయు చికిత్సయు

దివిసీమనుండి మూడు వారముల కొకమారు తెల్లవారుజాము బస్సెక్కి, ఏడేండ్ల కొడుకును ఒడిలో పడుకొనబెట్టుకొని బెజవాడకు వచ్చు ఒక తల్లిని నే నెఱుగుదును. ఆ బాలునికి థలసీమియా అను వంశపారంపర్య రక్తరోగము. సూది గ్రుచ్చునపుడు వాడేడ్వడు. సంచీలోని నెత్తురు గొట్టములో బొట్టుబొట్టుగా జారుచుండగా పెదవులు కదలించుచు లెక్కపెట్టుకొనును. మధ్యాహ్నమునకు మొగమున రంగు తిరిగిన పిమ్మట ఆకలి యనును. మేనబావను చేసికొన్న ఆ తల్లితో పొరుగింటి పెద్దామె, "పూర్వజన్మలో ఎవరి ఉసురు పోసుకున్నావో తల్లీ!" అన్నదట. ఆ మాట నాటినుండి నా చెవిని విడువలేదు.

ప్రారబ్ధము అనుభవముచేతనే తీరునని మన వేదాంతులు చెప్పినది నిజమే. కాని ఆ మాట ఎవరు ఎవరితో చెప్పవలసినది? తన బాధను తాను ఓర్చుకొనుటకై రోగి తనలో తాననుకొన్నపుడది ధైర్యము. ప్రక్కన నిలిచి చూచువాడన్నపుడది కాఠిన్యము. చరకుడు వైద్యుడు గావున ఈ భేదము నెఱిగి, ఆయుర్దాయము దైవపురుషకారముల కూడికపై నిలుచుననియు, బలవత్తరమైన పురుషకారము దుర్బలమైన దైవమును త్రోసివేయుననియు విమానస్థానమున నిర్ణయించెను. బీజములో ఏ భాగము చెడునో దానినుండి కలుగవలసిన అవయవము చెడునని శారీరస్థానమున చెప్పినవాడును ఆయనయే. ఇంతమాత్రమున నేటి జన్యుశాస్త్రమంతయు మనకు మున్నే తెలియుననుట ఆ మహనీయునికి గౌరవము కాదు. బీజదోషముచే తండ్రినుండి సంక్రమించిన మధుమేహమును అసాధ్యమని ఆయన నిజాయితీతో ఒప్పుకొనియే యున్నాడు.

ఆ అసాధ్యమను గోడకు నేడొక ద్వారము తెఱవబడినది. 2012లో డౌడ్నా, షార్పెంటియర్ అను విదుషీమణులు క్రిస్పర్ అను జన్యుకర్తరిని లోకమున కందించి 2020లో నోబెల్ బహుమానము నందిరి. 2023 నవంబరులో బ్రిటన్ దేశము ఆ పద్ధతిచే సిద్ధమైన చికిత్సను సికిల్ సెల్, థలసీమియా రోగములకు తొలుత అనుమతించెను. రోగి మజ్జలో పుట్టిన మూలకణములనే వెలికి దీసి, మార్చి, బలమైన మందుతో పాత మజ్జను ఖాళీచేసి, తిరిగి వానికే ఎక్కింతురు. ఇందు నన్ను మిక్కిలి కదలించిన దొకటి కలదు: ఈ చికిత్స జన్యువులో తప్పుబడిన అక్షరమును దిద్దదు. తల్లికడుపులో నున్నంతకాలము శిశువును పోషించి, పుట్టిన కొలదిమాసములకు అణగిపోవు హీమోగ్లోబిన్‌కు పడిన గడియను మాత్రమే తీయును. తలరాతను చెఱిపివేయుట కాదిది. గర్భవాసమునాటి సొమ్మును బిడ్డ కప్పగించుట. దీనిని దైవద్రోహమనుటకు నాకు నోరు రాదు.

పిండమునందే మార్పు చేయుట వేఱు సంగతి. చైనాలో హే జియాన్‌కుయ్ అట్లు చేసి 2018లో కవల బాలికలను పుట్టించి చెఱసాల పాలయ్యెను. మన దేశమున 2019 నాటి మార్గదర్శకములు దానిని నిషేధించినవి. అక్కడ బాధపడుచు సాయము కోరు రోగి లేడు. ఒప్పుకొనుటకు గాని వలదనుటకు గాని ఇంకను పుట్టని తరములే కలవు. మేలుగోరి చేసిన పనికిని ఊహింపని కీడు వెంటవచ్చును. కృష్ణపై 1855లో బెజవాడ ఆనకట్ట పూర్తియై డెల్టాకు అన్నము పెట్టినది. తరువాతి తరములలో ఆ కాలువలనే గుఱ్ఱపుడెక్క క్రమ్ముకొన్నది. డెక్కనైనచో మనుష్యులు దిగి లాగి గట్టున వేయుదురు. వంశబీజమున పడిన తప్పును ఏ గట్టునకు లాగగలము?

ఢిల్లీలోని ఐ.జి.ఐ.బి. అను జన్యుపరిశోధన సంస్థ శాస్త్రజ్ఞులు సికిల్ సెల్ రోగమునకు క్రిస్పర్ చికిత్సను స్వదేశమున, తక్కువ వెలకు సిద్ధపరచుచున్నారు. పాడేరు, అరకు ప్రాంతముల గిరిజనుల కది మిక్కిలి కావలసినది. ఈ వార్తలన్నియు విని ఆ తల్లి, "మా వాడి దాకా ఎప్పటికి వస్తుందండీ?" అని యడిగినది. అమెరికాలో క్రిస్పర్ చికిత్సకు 2023లో పెట్టిన వెల 22 లక్షల డాలర్లనియు, అనగా నాటి లెక్కన సుమారు 18 కోట్ల రూపాయలనియు చెప్పక తప్పలేదు. ఆమె కొంతసేపు కొడుకు చేతిపై సూది దిగినచోటి దూదిని ఒత్తిపట్టుకొని కూర్చుండి, లేచి, మరల రావలసిన తేదీని చీటీపై వ్రాయించుకొన్నది.