మేత మేసే మూగజీవాలు – సృష్టి తూకంలో వాటి వంతు

హజ్రత్ ఉమర్ (రజి) ఒకసారి మింబర్ మీద నిలబడి ‘అబస’ సూరా పఠిస్తున్నారు. ధాన్యం, ద్రాక్ష, ఆలివ్, ఖర్జూరం, దట్టమైన తోటలు... ఇలా భూమి నుండి అల్లాహ్ వెలికితీసిన వాటిని వరుసగా పేర్కొనే చోట, పండ్ల తర్వాత ‘అబ్బ్’ అనే మాట వస్తుంది. ఆయన అక్కడ ఆగారు. పండ్లంటే తెలుసు గాని ఈ ‘అబ్బ్’ అంటే ఏమిటని తనను తాను ప్రశ్నించుకున్నారు. మళ్ళీ, ఇంతగా తరచి చూడటం అనవసర ప్రయాసేనని తానే సర్దుకున్నారు. హజ్రత్ అనస్ (రజి) ఈ సంగతి ఉల్లేఖించారు. తర్వాతి కాలపు వ్యాఖ్యాతలు చాలామంది ఆ మాటకు చెప్పిన అర్థం ఇది: మనిషి విత్తకుండా, నీరు పెట్టకుండా నేల మీద తానుగా మొలిచి పశువుల నోటికి అందే పచ్చిక.

ఆ వెంటనే వచ్చే ఆయతులో, ఇదంతా మీకూ మీ పశువులకూ జీవన సామగ్రి అన్న భావం ఉంది. గమనించారా? మన పళ్ళెంలోని ద్రాక్షకూ మేక నోట్లోని గడ్డికీ ఒకే జాబితాలో చోటు దొరికింది. ‘తాహా’, ‘నాజిఆత్’ సూరాల్లోనూ మనిషి ఆహారం వెంటే పశువుల మేత ప్రస్తావన వస్తుంది. ‘అఅలా’ సూరాలోనైతే ప్రభువు మహిమలు చెబుతూ, పచ్చికను మొలిపించి, ఆ తర్వాత దాన్ని నల్లబారిన చెత్తగా మార్చేవాడు ఆయనేనని ఉంది. జుమా నమాజుల్లో ఇమాం గారు తరచూ ఆ సూరా ఓదుతుంటే మనం వింటూనే ఉంటాం. గడ్డి గురించి అక్కడ ఎందుకు చెప్పినట్టు?

మన పిల్లలు బడి పుస్తకాల్లో ‘ప్రాథమిక వినియోగదారులు’ అన్న మాట చదువుకుంటారు. పెద్ద మాటే గాని విషయం తేలికైనదే. మొక్క సూర్యకాంతిని పట్టుకుని తన ఆహారం తాను తయారు చేసుకుంటుంది. మనిషి గాని, పులి గాని, గద్ద గాని ఎండలో నిలబడి కడుపు నింపుకోలేవు. ఆకులో దాగిన ఆ శక్తిని మొదట తన ఒంట్లోకి తీసుకుని మిగతా ప్రాణులకు అందించేది మేత మేసే జీవి. జింక, గొర్రె, ఒంటె, మిడత, గొంగళిపురుగు, మకరందం తాగే తేనెటీగ అన్నీ ఆ వరుసలోవే. చెరువు నీటిలో నాచును తినే, కంటికి ఆనని జంతు ప్లవకాలు కూడా అంతే. అవి లేకపోతే చేప పిల్లకు తిండి లేదు.

ఈ చేతులు మారడంలో చాలా భాగం ఖర్చైపోతుంది. ఒక మెట్టు నుండి పై మెట్టుకు చేరేది సుమారు పదోవంతే అని శాస్త్రవేత్తలు లెక్క కట్టారు. మిగిలింది ఆ జీవి తిరగడానికి, ఊపిరి తీయడానికి, ఒంటిని వెచ్చగా ఉంచుకోవడానికి సరిపోతుంది. అందుకే అడవిలో జింకలు వందల్లో ఉంటే పులులు వేళ్ళ మీద లెక్కించే అన్నే ఉంటాయి. పులిని కాపాడాలంటే ముందు జింకను, జింకను కాపాడాలంటే ముందు గడ్డిని కాపాడాలి.

గడ్డిని అరిగించుకోవడం మాటలు కాదు. మనం ఒక మోపు గడ్డి తిన్నా అందులోని పీచు మన ఒంటికి పట్టదు. నిజానికి ఆవుకు కూడా సొంతంగా ఆ శక్తి లేదు! దాని కడుపులో నాలుగు అరలున్నాయి. వాటిలో పెద్దది వంద లీటర్లకు పైగా పట్టే తొట్టి లాంటిది. అందులో లెక్కలేనన్ని సూక్ష్మజీవులు కాపురముంటాయి. ఆవు గబగబా మేసి వచ్చి, నీడన పడుకుని నెమరు వేస్తుంటే, లోపల పీచును విడగొట్టే పని ఆ సూక్ష్మజీవులది. (ఒంటె కూడా నెమరు వేస్తుంది గాని దానికి అరలు మూడే. ‘గాషియా’ సూరాలో ఒంటెను ఎలా సృష్టించామో చూడరా అన్న పిలుపు ఊరికే రాలేదు.) పేడకూ రక్తానికీ మధ్య నుండి స్వచ్ఛమైన పాలు ఇస్తున్నామని ‘నహ్ల్’ సూరా గుర్తు చేస్తుంది. ఎండిన చొప్ప లోపలికి వెళ్ళి పాలై బయటికి రావడం మనం రోజూ చూస్తాం కాబట్టే మనకది వింతగా తోచదు.

చిన్న ప్రాణుల పట్ల మనకు చులకన ఎక్కువ. ఆకు మీద గొంగళిపురుగు కనబడితే చాలు, మందు కొట్టే దాకా నిద్ర పట్టదు. పిచ్చుకలు తాము గింజలు తిన్నా, కళ్ళు తెరవని తమ పిల్లలకు మెత్తని పురుగులే పెడతాయి. పెరట్లో పురుగన్నదే లేకుండా చేసి, పిచ్చుకలు ఏమైపోయాయని దిగులు పడితే ఏం లాభం? మనం నాటిన చెట్టు నుండి పక్షి గాని, మనిషి గాని, పశువు గాని తింటే అది మన ఖాతాలో సదఖాగా జమ అవుతుందని ప్రవక్త ముహమ్మద్ (సల్లల్లాహు అలైహి వసల్లం) బోధించారు. ఈ హదీసు బుఖారీ, ముస్లిం గ్రంథాల్లో ఉంది. దిగుబడిని కాపాడుకోవద్దని దీని అర్థం కాదు. కాని పెరట్లోని కరివేపాకు చెట్టు మీద సీతాకోకచిలుక పిల్ల తిన్న నాలుగు ఆకులు నష్టం పద్దులో రాయాలా, పుణ్యం పద్దులో రాయాలా అన్నది ఆలోచించవలసిన విషయమే.

‘రహ్మాన్’ సూరాలో అల్లాహ్ ఆకాశాన్ని ఎత్తుగా నిలిపి తూకాన్ని నెలకొల్పాడని, ఆ తూకంలో హద్దు మీరవద్దని ఉంది. ఆ తూకాన్ని ‘మీజాన్’ అన్నారు. అంగడిలోని త్రాసుకు వర్తించినట్టే ఈ మాట పచ్చిక బయలుకూ వర్తిస్తుంది. ఇందుకు మన దేశంలోనే జరిగిన ఒక సంఘటన ఉంది.

రాజస్థాన్‌లోని భరత్‌పూర్ దగ్గర కేవలాదేవ్ అనే చిత్తడి నేల ఉంది. విస్తీర్ణం సుమారు 29 చదరపు కిలోమీటర్లు. 350కి పైగా పక్షి జాతులు అక్కడ కనిపించాయి. చలికాలంలో ఎక్కడెక్కడి నుండో బాతులు, కొంగలు వచ్చి వాలతాయి. చుట్టుపక్కల ఊళ్ళ పేదలు తరతరాలుగా తమ బర్రెలను ఆ నీళ్ళలోకి తోలేవారు. పశువుల వల్ల పక్షులకు హాని జరుగుతోందని భావించి, దాన్ని జాతీయ ఉద్యానవనం చేసిన 1982లోనే మేతను నిషేధించారు. పక్షి శాస్త్రంలో దేశానికే పెద్ద దిక్కయిన డాక్టర్ సాలిం అలీ వంటివారి అభిప్రాయం కూడా అదే. ఊరివాళ్ళు ఎదురుతిరిగారు. పోలీసు కాల్పుల్లో కొందరు గ్రామస్థులు ప్రాణాలు కోల్పోయారు.

ఆ తర్వాత ఏం జరిగింది? బర్రెలు మేసే నీటి గడ్డి అడ్డూ ఆపూ లేకుండా పెరిగింది. తేటగా ఉండవలసిన నీటిని చాప పరచినట్టు కప్పేసింది. ఈత కొట్టే బాతులకు, లోతులేని నీళ్ళలో చేపలు పట్టే కొంగలకు చోటు తగ్గింది. బాంబే నేచురల్ హిస్టరీ సొసైటీ 1980 నుండి పదేళ్ళపాటు అక్కడ పరిశోధన జరిపింది. సాలిం అలీ జీవితమంతా పనిచేసిన సంస్థ అది. బర్రెల మేత ఆ చిత్తడి నేలకు మేలే చేస్తుందని, నిషేధం వల్ల పక్షులకు నష్టమే కలిగిందని చివరికి ఆ సంస్థే తేల్చింది. అప్పటికి సాలిం అలీ (1896–1987) ఈ లోకంలో లేరు. తర్వాత ఊరివాళ్ళను కొడవళ్ళతో లోపలికి వచ్చి గడ్డి కోసుకోనిచ్చారు. బర్రె నోరు చేసే పనిని మనుషుల చేతులతో చేయించవలసి వచ్చింది.

తమ పెద్దల అభిప్రాయానికి విరుద్ధంగా ఉన్నా, కళ్ళతో చూసిన సత్యాన్ని దాచకుండా రాశారు ఆ పరిశోధకులు. సాక్ష్యం విషయంలో విశ్వాసికి ఉండవలసిన గుణం కూడా ఇదే. కాని పోయిన ప్రాణాలు తిరిగి రావు కదా! బర్రెల కాపరులను ముందే కూర్చోబెట్టి అడిగి ఉంటే ఈ సంగతి వాళ్ళే చెప్పేవాళ్ళేమో.

తూకం రెండో వైపుకూ చెడవచ్చు. అలాస్కా సమీపంలోని సెయింట్ మాథ్యూ దీవిలో 1944లో 29 ధ్రువపు దుప్పులను వదిలారు. అక్కడ తోడేళ్ళు లేవు. 1963 నాటికి అవి సుమారు 6,000 అయ్యాయి. మేసిన మేతకు తిరిగి మొలిచే వ్యవధి లేకపోయింది. ఆ మరుసటి కఠినమైన చలికాలంలో ఆకలితో కుప్పకూలాయి. 1966లో లెక్కిస్తే మిగిలినవి 42. గొర్రెల కాపరికి తోడేలు శత్రువే, సందేహం లేదు. అయినా తోడేలును పుట్టించినవాడు దాన్ని వృథాగా పుట్టించలేదు.

మరి మేతను, మందను, మనిషిని కలిపి నడిపించే పద్ధతి ఏది? ఇస్లాంకు పూర్వం అరబ్బుల్లో ఒక ఆచారం ఉండేది. తెగ నాయకుడు పచ్చిక ఉన్న చోట దిగి, ఎత్తైన స్థలంలో కుక్కను మొరిగించేవాడు. ఆ అరుపు వినిపించినంత మేరా నేల అతనిదే. అందులో ఇతరుల మంద అడుగు పెట్టకూడదు. ఇలా కేటాయించుకున్న మేత భూమిని ‘హిమా’ అనేవారు. దైవప్రవక్త (స) ఈ పెత్తనాన్ని రద్దు చేశారు. హిమా అనేది అల్లాహ్‌కు, ఆయన ప్రవక్తకు తప్ప మరెవరికీ లేదని ప్రకటించారు. మదీనా దగ్గరి నఖీ లోయను ప్రజా ప్రయోజనం కోసం, ముస్లిముల గుర్రాల మేతకు కేటాయించారు. నీరు, పచ్చిక, నిప్పు అందరి ఉమ్మడి హక్కు అన్నారు. మిగులు నీటిని ఆపి, తద్వారా ఇతరులకు పచ్చిక దక్కకుండా చేయడాన్ని వారించారు.

తర్వాత హజ్రత్ ఉమర్ (రజి) రబజాలో హిమా ఏర్పాటు చేశారు. హునై అనే వ్యక్తిని దానికి కాపలాగా నియమిస్తూ ఇచ్చిన ఉపదేశం బుఖారీలో ఉంది. ప్రజలతో మెత్తగా ఉండు, పీడితుని మొర అల్లాహ్‌కు చేరుతుంది గనుక దానికి భయపడు అన్నారు. నాలుగు ఒంటెలు, నాలుగు గొర్రెలు మాత్రమే ఉన్నవాణ్ణి లోపలికి రానివ్వమన్నారు. అబ్దుర్రహ్మాన్ బిన్ ఔఫ్, ఉస్మాన్ బిన్ అఫ్ఫాన్ (రజి) వంటి సంపన్నుల మందల విషయంలో జాగ్రత్త వహించమన్నారు. వాళ్ళ పశువులు చనిపోయినా వాళ్ళకు ఖర్జూరపు తోటలు, పంటలు ఉన్నాయి. పేదవాడి పశువులు చనిపోతే అతను పిల్లలను వెంటబెట్టుకుని ఖలీఫా గడప ముందు నిలబడతాడు. అప్పుడు బైతుల్‌మాల్ నుండి బంగారం, వెండి ఇవ్వడం కంటే ఇప్పుడు గడ్డి, నీరు ఇవ్వడం తనకు తేలిక అన్నారు. ఆ సంపన్నులు సామాన్యులు కారు, స్వర్గ శుభవార్త అందుకున్న సహాబాలు! అయినా పచ్చిక దగ్గర మొదటి వంతు పేదవాడిదే అయింది.

ఇక మన ఊళ్ళ సంగతి. మేత పోరంబోకు, బంచరాయి, గైరాన్ అని రకరకాల పేర్లతో పిలిచే ఉమ్మడి భూములు ఎన్నో ఊళ్ళలో కాగితాల మీదే మిగిలాయి. కొన్నిచోట్ల ప్లాట్లయ్యాయి, మరికొన్నిచోట్ల పక్క పొలం గట్టు ఏటా ఒక అడుగు జరిగి కలిసిపోయాయి. ఆ గట్టు జరిపినవాళ్ళలో అయిదు పూటలా నమాజు చేసేవాళ్ళు ఉండరని చెప్పలేం. జానెడు నేలను అన్యాయంగా ఆక్రమించినవాడి మెడకు ప్రళయదినాన ఏడు భూముల బరువు చుట్టుకుంటుందన్న హదీసు ఇటువంటివారికి వర్తించదా? తెలంగాణలో, రాయలసీమలో రైతులు వేసవిలో గొల్ల, కురుమ సోదరులను పిలిచి పొలంలో రాత్రిపూట గొర్రెల మంద కట్టించుకుంటారు. పెంటికలు, మూత్రం ఎరువై, తొలకరికి నేల సిద్ధమవుతుంది. గొర్రె మేసి పోవడమే కాదు, తిరిగి ఇచ్చి పోతుంది. మేసే నేల లేకపోతే మంద లేదు, మంద లేకపోతే ఆ ఎరువూ లేదు.

పట్నంలో పచ్చిక ఎలాగూ లేదు. ఆవులు, మేకలు చెత్తకుండీల దగ్గర చేరతాయి. మనం మిగిలిన అన్నం, కూరగాయల తొక్కలు ప్లాస్టిక్ సంచిలో వేసి, మూతి బిగించి పారేస్తాం. పశువుకు చేతుల్లేవు, ముడి విప్పలేదు. సంచితో సహా మింగుతుంది. నెమరు వేసే ఆ పెద్ద అరలోనే ప్లాస్టిక్ పేరుకుపోతుంది. మేతకు చోటు ఉండదు. కడుపు నిండినట్టు కనిపిస్తూనే అది ఆకలితో చస్తుంది. అనంతపురం జిల్లాలో ఇటువంటి ఆవుల కడుపు కోసి కిలోల కొద్దీ ప్లాస్టిక్ బయటికి తీశారు. 2012లో ఈ వ్యవహారం సుప్రీంకోర్టు దాకా వెళ్ళింది. ఆకలితో, అలసటతో కన్నీరు పెట్టిన ఒంటెను ప్రవక్త (స) నిమిరి, దాని యజమానిని పిలిపించి, ఈ మూగజీవి విషయంలో అల్లాహ్‌కు భయపడవా అని నిలదీశారు. ఆ ఒంటెకు ఒక యజమాని ఉన్నాడు గనుక అతన్ని అడిగారు. వీధి ఆవు విషయంలో సంచి ముడి వేసిన ప్రతి ఇల్లూ జవాబుదారీయే.

దీనికి ధార్మిక ఆదేశం ఒకటి ముడిపడి ఉంది. మలినాలు తిని బతికే పశువును ‘జల్లాలా’ అంటారు. దాని మాంసం, పాలు వాడటాన్ని దైవప్రవక్త (స) వారించారని అబూదావూద్, తిర్మిజీల్లో ఉంది. అటువంటి పశువును కట్టేసి, కొన్నాళ్ళపాటు శుభ్రమైన మేత పెట్టిన తర్వాతే వాడాలని ధర్మవేత్తలు చెప్పారు. కోడి విషయంలో హజ్రత్ ఇబ్నె ఉమర్ (రజి) మూడు రోజులు కట్టేసి ఉంచేవారు. మేకకు ఎన్ని రోజులన్నదానిలో అభిప్రాయభేదాలున్నాయి. మీ మస్జిద్‌లోని ఆలింను అడిగి తెలుసుకోండి. బక్రీద్ సంతకు వెళ్ళినప్పుడు మేక పళ్ళు చూస్తాం, కొమ్ములు చూస్తాం, కుంటుతుందేమో నడిపించి చూస్తాం. అది ఇన్నాళ్ళూ ఎక్కడ మేసిందో కూడా కాపరిని అడగండి. పండుగకు వారం పది రోజుల ముందే తెచ్చుకుని, వేపమండలు, అవిశాకు, ఎండుగడ్డి పెట్టి, మంచినీళ్ళు తాగించి, పిల్లల చేత దాని మేత మోయించండి.