సందు పిల్లి మనది కాదా?

పిల్లి తిండిని గూర్చి సంఘ పత్రికలో వ్యాసమా అని పెద్దలు కొందరు నవ్వవచ్చును. నవ్వినను ఫరవాలేదు, కడవరకు చదువగోరుచున్నాము.

మన తాతల కాలమున పిల్లికి వేరే తిండి కొన్నవారు లేరు. చేప తలకాయ, కాస్త పాలన్నం, తక్కినది ఎలుక. ఇప్పుడు రైల్వే క్వార్టర్లలోను, పట్టణపు ఫ్లాట్లలోను మన పిల్లలు దానికి ప్యాకెట్టు తిండి పెట్టుచున్నారు. తప్పు లేదు. అయితే అందులో ఏమున్నదో మనకే సరిగా తెలియదు, పిల్లికి అసలే తెలియదు. మన చేతిని నమ్మి అది తినుచున్నది.

2007 మార్చిలో కెనడాలోని మెనూ ఫుడ్స్ సంస్థ 6 కోట్లకు పైగా డబ్బాలను, పౌచ్‌లను బజారునుండి వెనుకకు తీసికొనెను. చైనానుండి వచ్చిన గోధుమ గ్లూటెన్‌లో మెలమైన్ కలిపియుండిరి. అది ప్లాస్టిక్ తయారీలో వాడు పదార్థము. పరీక్షలో మాంసకృత్తులను నేరుగా కొలువక నత్రజనిని కొలిచి లెక్క కట్టుదురు. మెలమైన్‌లో నత్రజని మెండు గనుక నాసిరకపు సరుకు మేలైనదిగా తేలును. (పాలలో నీళ్లు కలుపుట దీనిముందు చిన్న పాపము!) అది సయనూరిక్ ఆమ్లముతో కలిసి మూత్రపిండములలో స్ఫటికములుగా అడ్డుపడగా పిల్లులు, కుక్కలు చనిపోయెను. ఫిర్యాదులు ఫిబ్రవరి 20 నాటికే వచ్చెను. ప్రకటన వెలువడినది మార్చి 16న. ఆ నడిమి దినములే మమ్మును బాధించును. 2008లో అదే మెలమైన్ చైనాలో పసిబిడ్డల పాలపొడిలో బయటపడెను. సుమారు 3 లక్షలమంది బిడ్డలు జబ్బుపడిరి, ఆరుగురు మరణించిరి.

ఆ వ్యాపారులను దూషించుట సులభము. మా ఇంటి సంగతి చెప్పెదము. ఒకసారి మేము కొన్న ప్యాకెట్టును తిరిగి తెమ్మని దుకాణదారుడు కబురంపెను. సగము మిగిలియున్నది. పారవేయుటకు మనసొప్పక, సందులోని పిల్లులకు వేయుదమా అన్న మాట మా నోటనే వచ్చెను. "వాటికి ఏమీ కాదా నాన్నా?" అని చిన్నది అడిగినది. జవాబు లేకపోయెను.

సామెతలు 12:10 నీతిమంతుడు తన పశువును పట్టించుకొనుటను గూర్చి చెప్పుచున్నది. సందు పిల్లి 'తన' పశువు కాదుగదా అని వాదింపవచ్చును. అయితే యోనా గ్రంథము చివర చూడుడి. నీనెవెను కనికరించుటకు దేవుడు చెప్పిన కారణములలో అచ్చటి పశువులును ఉన్నవి. అవి యోనావి కావు.

కాబట్టి తిండిని డబ్బాలో పోసికొనినను కవరు పారవేయవద్దు. బ్యాచ్ నంబరు, తేదీ దానిమీదనే యుండును. వార్త వినగానే ఆ తిండి ఆపి గిన్నె కడుగుడి. పిల్లి వాంతి చేసికొనినను, తిండి మానినను, నీళ్లు అతిగా త్రాగినను ఆ కవరుతో సహా పశువైద్యునియొద్దకు తీసికొనిపోవుడి. దుకాణమువారు తీసికొననిచో మూటకట్టి, కుక్కలు కాకులు చింపకుండ మూతగల చెత్తడబ్బాలో వేయుడి.

మా ప్యాకెట్టును దుకాణములోనే తిరిగి ఇచ్చితిమి. డబ్బు సగమే వచ్చినది.