తెరమీది దుఃఖము

పరుల దుఃఖమును తెరపై చూచి కన్నీరు విడుచువారిని దయాళువులని తలంతుము. ఆ కన్నీటితో మన ధర్మము తీరునా యనునది విచారింపదగిన ప్రశ్న.

రంగమునందలి శోకము సాధారణీకృతమగునని భట్టనాయకుని మతము. అది నాదియు గాదు, పరునిదియు గాదు. కావుననే కరుణరసము ఆనందమును గూర్చును. కావ్యమునకు ఇది గుణమే. కాని యెవరిదియు గాని దుఃఖమును తొలగింపవలసిన భారము ఎవరిపై నుండును?

గూడవల్లి రామబ్రహ్మముగారు 1938లో 'మాలపిల్ల'ను, 1939లో 'రైతుబిడ్డ'ను తీసిరి. మొదటిది చలముగారి కథ, అస్పృశ్యతను ఖండించినది. రెండవది జమీందారీ గ్రామములలో రైతు పడు బాధలను చూపినది. వింత యేమనగా, వీనిని నిర్మించిన సారథి సంస్థకు అండగా నిలిచినవారు చల్లపల్లి జమీందారుగారు. ఇతర జమీందారులు మాత్రము 'రైతుబిడ్డ'పై కుపితులైరి. చిత్రము నిషేధమునకు గురియైనది.

వారి చర్య అన్యాయమే. ఐనను ఒక విషయము గమనింపుడు: తెరమీది పీడకునిలో తమ్ము తాము గుర్తించుటచేతనే గదా వారికి కోపము కలిగినది! మనమో, సదా పీడితుని పక్షమున కూర్చుండి యేడ్చి, నిర్దోషులమను తృప్తితో ఇండ్లకు మరలుదుము.

మద్రాసు రాష్ట్రమున 1948 నాటి చట్టముతో జమీందారీలు రద్దయ్యెను. మన పొరుగున నున్న కార్వేటినగరము జమీ నేడు చరిత్రలోని మాట. ఇక పీడకుడు లేడని నిశ్చింతగా నుండవచ్చునా? 1933లో చీనాదేశమున 'వసంతకాలపు పట్టుపురుగులు' అను మూకచిత్రము వెలువడెను. మూలము మావో దున్ కథ. అందొక పల్లెకుటుంబము అప్పు చేసి, నిద్ర మాని, పట్టుపురుగులను పెంచును. పంట బాగుగనే పండును. ధర పడిపోవుటచే ఆ పంటయే వారిని మరింత అప్పులో ముంచును. కొరడా పట్టిన దుష్టు డెవ్వడును అందు కానరాడు. ఎక్కడనో కొనువారు, అమ్మువారు ఉన్నారు, అంతియే.

మగ్గముల చప్పుడు వినుచు నగరిలో బ్రదుకు మనకు ఈ కథ పరాయిది గాదు. నేతగాని కూలిని తలపక చీరకు బేరమాడు మనము, పనిమనిషికి వసారాలో వేరు గ్లాసు ఉంచు మనము, ఆ తెరపై ఏ పాత్రయందున్నామో వెదకికొనవలెను.

రసాస్వాదనమును ఇట్టి విచారణతో చెరుపవలెనా యని కొందరందురు. చెరుప నక్కరలేదు, చిత్రము నడచునంతవరకు మనసార ఏడ్వవచ్చును. ఇంటికి వచ్చిన పిమ్మట వసారాలోని ఆ గ్లాసును లోపలి గ్లాసులతో కలిపి కడిగినచో, కార్చిన కన్నీరు వ్యర్థము గాదు.