ప్రశాంతత కోసం గుడికి వెళ్తే అది భక్తేనా? కొల్లేటికోట నుంచి చిన్న తిరుపతి దాకా ఒక రోజు

 

ఈసారి వీడియోలో కొల్లేటికోట పెద్దింట్లమ్మ తల్లి గుడి, గుంటుపల్లి కొండ, ద్వారకా తిరుమల చూశారు కదా. మొదట్లో నా తల మీద జుట్టు ఉంది, చివర్లో లేదు. "బ్రదర్, ఏంటి మధ్యలో గుండు?" అని ఎలాగూ అడుగుతారు. ఆ సంగతే ఇక్కడ రాస్తున్నాను. కొంచెం సొంత విషయం, కానీ దీని వెనక ఉన్న సందేహం నా వయసు వాళ్ళు చాలామందికి ఉండి ఉంటుంది.

సందేహం ఇది. మనసు బాగోలేక, నిద్ర పట్టక, ఎక్కడికైనా వెళ్ళి కాస్త రిలాక్స్ అయి రావాలని గుడికి వెళ్ళామనుకోండి. అది భక్తి అవుతుందా? లేక దేవుణ్ణి కూడా ఒక చార్జింగ్ పాయింట్‌లాగా వాడుకున్నట్టా?

నేను సాఫ్ట్‌వేర్ ఉద్యోగిని. తాడేపల్లిగూడెంలో మా ఇంటి నుంచే పని, రాత్రి షిఫ్టు. ఈ ఏడాది వేసవి నుంచి నాకు నిద్ర సరిగ్గా లేదు. తెల్లవారుజామున లాప్‌టాప్ మూసి పడుకుంటే కళ్ళు మూతపడతాయి, బుర్ర మాత్రం ఆగదు. డాక్టరు గారు చూశారు, మందు ఇచ్చారు, కొంత తగ్గింది. కొంతే.

అప్పుడు నాకు గుర్తొచ్చింది హకోనే. పోయినేడాది ఆఫీసు పని మీద మూడు వారాలు టోక్యోలో ఉన్నాను. ఒక ఆదివారం అక్కడి సహోద్యోగి హకోనే తీసుకెళ్ళాడు. పొద్దున్న నాలుగు వందల ఏళ్ళ నాటి సుగి చెట్ల మధ్య పాత బాటలో నడక, మధ్యాహ్నం ఆషి సరస్సు ఒడ్డున ఉన్న హకోనే గుడి, సాయంత్రం ఆన్సెన్, అంటే వేడి నీటి బుగ్గల స్నానం. చెట్ల మధ్య ఊరికే నడవడానికి వాళ్ళు "షిన్రిన్ యోకు" అని పేరు పెట్టుకున్నారు, మన భాషలో అడవి స్నానం. 1982లో జపాన్ అటవీ శాఖ వాళ్ళు పెట్టిన పేరట. ఆన్సెన్‌కైతే 1948 నుంచి ఒక చట్టమే ఉంది. నీళ్ళు భూమిలోంచి 25 డిగ్రీలకు తగ్గకుండా వస్తే చాలు, ఆన్సెన్ అనొచ్చు. (25 డిగ్రీలంటే మన ఇంట్లో కుళాయి నీళ్ళే! వేసవిలో మా ట్యాంకు నీళ్ళకి ఆ లెక్కన డబుల్ ప్రమోషన్ ఇవ్వాలి.) తొట్టిలో దిగే ముందే ఒళ్ళు శుభ్రంగా కడుక్కోవాలి, ఆ నియమం మాత్రం నాకు బాగా నచ్చింది. గుడి ముందు కాళ్ళు కడుక్కున్నట్టే ఉంది.

ఆ రాత్రి ఏడు గంటలు ఏకధాటిగా నిద్రపోయాను. ఇంటికొచ్చాక అమ్మకి ఫోటోలు చూపిస్తే, "గుళ్ళో ఏం మొక్కుకున్నావు?" అంది.

"ఏం మొక్కుకోలేదమ్మా. బాగుంది, అంతే."

"ఏమీ అడక్కుండా వచ్చేశావా అంత దూరం వెళ్ళి!" అని ఆశ్చర్యపోయింది. అప్పుడు నేను నవ్వాను.

సరే, అలాంటి రోజునే మన దగ్గర చేసుకుందాం అనుకున్నాను. కార్తీక మాసం, సోమవారం కాకుండా రద్దీ తక్కువుండే రోజు చూసుకున్నాను. సరస్సు కావాలంటే కొల్లేరు ఉంది. అడవికి గుంటుపల్లి, గుడికి చిన్న తిరుపతి. వేడి నీళ్ళ దగ్గరే ఆగిపోయాను. భద్రాచలం దగ్గర గుండాలలో గోదావరి ఒడ్డున ఇసుక తవ్వితే వేడి నీళ్ళు ఊరతాయి, కానీ ఒక్క రోజులో అటు కూడా తిరిగి రావడం మా వల్ల కాదు. దాన్ని లిస్టులోంచి తీసేశాను. అమ్మని కూడా రమ్మన్నాను. నిజం చెప్పాలంటే పులిహోర కోసం.

నాన్నకి మోకాళ్ళ నొప్పి, రానన్నారు. ఆయనకి కంచం, గిన్నెలు, మూతలు, మాత్రలు అన్నీ సర్ది అమ్మ కారెక్కేసరికి ఐదున్నర. నాకు వేన్నీళ్ళు కాచి పెట్టింది, తను మాత్రం కార్తీక స్నానం అని నాలుగింటికే చన్నీళ్ళు పోసుకుంది. అప్పుడు ఇదంతా నేను గమనించలేదు. ఇప్పుడు రాస్తుంటే గుర్తొస్తోంది.

భీమవరం, ఆకివీడు మీదుగా కైకలూరు. అక్కడి నుంచి కొల్లేటికోట. పెద్దింట్లమ్మ తల్లి కొల్లేటి జనానికి ఇంటి పెద్ద. ఫాల్గుణంలో జాతరప్పుడు ఇసకేస్తే రాలనంత జనం ఉంటారు, ఆ రోజు మాత్రం ప్రశాంతంగా దర్శనం అయింది. బయటికొచ్చి నీళ్ళ వైపు చూస్తూ నిలబడ్డాను. పొగమంచు, కొంగలు, పైన గుంపుగా వెళ్తున్న పెలికాన్లు. "ఎంత ప్రశాంతంగా ఉందో" అని పైకే అన్నాను. పక్కన వల సర్దుకుంటున్న ఒక పెద్దాయన తలెత్తి చూశారు.

"చూడ్డానికి బాగానే ఉంటదండి. మాకిది పొలం."

అంతే అన్నారు, మళ్ళీ పనిలో పడ్డారు. కోపంగా అనలేదు. కానీ ఆ మాట నాతో కారెక్కింది. కొల్లేరు 1999లో అభయారణ్యం అయింది, ఐదో కాంటూరు దాకా, 308 చదరపు కిలోమీటర్లు. 2002లో రామ్‌సర్ జాబితాలో చేరింది. 2006లో ఆ హద్దు లోపలి చేపల చెరువుల గట్లు కొట్టేశారు. సరస్సు బతకాలంటే అది చేయక తప్పదు, చెరువుల పేరుతో కొల్లేటిని ఎవరెంత తిన్నారో మన జిల్లాలో అందరికీ తెలుసు. కానీ వాటిలో చిన్నవాళ్ళ బతుకులు కూడా ఉన్నాయి. నేను పెట్రోలు కొట్టించుకుని వచ్చి పది నిమిషాలు పీల్చుకున్న ప్రశాంతత కింద ఇంత లెక్క ఉంది. నాకు వీకెండ్ వ్యూ అయినది ఆయనకి పొలం. ఇందులో పాపం ఉందని కాదు. ఊరికే దొరికింది అనుకోవడం మాత్రం పొరపాటు.

ఏలూరులో టిఫిన్ చేసి, కామవరపుకోట మీదుగా గుంటుపల్లి. ఊరు జీలకర్రగూడెం, కొండ మీద బౌద్ధ గుహలు. రెండు వేల ఏళ్ళకు పైబడినవి. రాతిలో తొలిచిన గుండ్రటి చైత్యగృహం, భిక్షువుల గదులు వీడియోలో చూపించాను. ఆ తర్వాత నలభై నిమిషాలు ఫోన్ ఆఫ్ చేసి చెట్ల కింద కూర్చున్నాను, అందుకే అక్కడ ఫుటేజ్ లేదు. అడవి స్నానం బాగానే జరిగింది. కాకపోతే మధ్యలో ఒక ఆలోచన వచ్చింది. ఈ భిక్షువులు లోకం వద్దనుకునే కదా కొండెక్కారు. మరి అన్నం? భిక్ష కోసం రోజూ కింద ఊళ్ళోకి దిగాల్సిందే. వాళ్ళ ఏకాంతానికి కూడా ఎవరో ఒక ఇల్లాలు పొద్దున్నే లేచి వండాలి.

అమ్మ పిలిచింది. చెట్టు కింద గుడ్డ పరిచి, ఇంటి నుంచి తెచ్చిన ఉసిరి కొమ్మ ఒకటి మట్టిలో గుచ్చి, పసుపు కుంకుమ పెట్టి దీపం వెలిగించింది. ఉసిరి చెట్టు లేకపోతే కొమ్మయినా ఉండాలట వనభోజనానికి. పులిహోర, దద్దోజనం. జపాన్ వాళ్ళు పేరు పెట్టిన దానికి మన దగ్గర ముందే పేరుంది, తిండితో సహా. మనం చిన్నప్పుడు స్కూల్లో పిక్నిక్ అని పిలిచి దాన్ని మర్చిపోయాం.

తింటుండగా అమ్మ నెమ్మదిగా అంది. "నాన్నా, నీకో మాట చెప్పాలి. నీకు నిద్ర పడితే చిన్న తిరుపతిలో తలనీలాలు ఇప్పిస్తానని శ్రావణంలోనే మొక్కాను."

"ఎవరి తలనీలాలు?"

"నీవే."

నాకు కోపం వచ్చింది. సోమవారం క్లయింటు వాళ్ళతో వీడియో కాల్ ఉంది. "నా జుట్టు నువ్వెలా మొక్కుతావమ్మా? నన్ను అడిగావా?" అన్నాను. ఇంకా చాలా అన్నాను. ఇష్టం లేని వాడి చేత చేయిస్తే అది భక్తి ఎలా అవుతుంది, నిద్ర ఇంకా పూర్తిగా రాలేదు కదా, ఇవన్నీ. ఇప్పటికీ ఆ ప్రశ్నలు తప్పని నేను అనుకోవడం లేదు. ఒకరి తరఫున ఇంకొకరు మొక్కడం న్యాయమేనా అన్నది తేలిక ప్రశ్నేమీ కాదు.

అమ్మ వాదించలేదు. "నువ్వు మూడింటికి మంచం మీద దొర్లుతుంటే నాకు గోడవతల వినపడేది. నేనేం చేయగలను? నా దగ్గరేముంది ఇవ్వడానికి?" అంది.

అంటే ఆర్నెల్లుగా ఆ ఇంట్లో నిద్రపోనిది నేనొక్కడినే కాదు.

భగవద్గీత ఏడో అధ్యాయంలో కృష్ణుడు నన్ను ఆశ్రయించేవాళ్ళు నాలుగు రకాలు అంటాడు. ఆర్తుడు, జిజ్ఞాసువు, అర్థార్థి, జ్ఞాని. నలుగురూ ఉదారులేనని కూడా అంటాడు. జ్ఞాని ఎక్కువ ఇష్టం, అది వేరే సంగతి. కాబట్టి బాధతో వెళ్ళడం తక్కువ భక్తి ఏమీ కాదు. ఇన్నాళ్ళూ నా సందేహానికి ఇదే జవాబు అని సర్దుకున్నాను. కానీ ఆర్తుడు చేయి చాపి అడుగుతాడు. అడగడంలో ఒక అప్పు ఉంది. నేను హకోనేలో ఏమీ అడగలేదు, అందుకే ఎవరికీ ఏమీ బాకీ పడలేదు. టికెట్టు కొన్నాను, బాగుంది, వచ్చేశాను. రెండు వారాల్లో ఆ హాయి పోయింది కూడా. తప్పు హకోనేది కాదు. ఆ ఊళ్ళో పుట్టినవాడికి ఆ గుడితో పండగలు, బాధ్యతలు ఉండే ఉంటాయి. నేను అక్కడ చుట్టపు చూపుగా కూడా వెళ్ళలేదు, కస్టమర్‌గా వెళ్ళాను. అమ్మ నన్ను ఆశ్చర్యంగా అడిగింది దాని గురించే.

ఇంకొకటి కూడా తోచింది. అమ్మకి లీవు అనేది ఎప్పుడూ లేదు. "నాకు అలసటగా ఉంది, ఒక రోజు ఎక్కడికైనా వెళ్ళొస్తా" అని ఆమె గానీ, మా అమ్మమ్మ గానీ అనడం నేను వినలేదు. అంటే ఎవరు ఊరుకుంటారు? కానీ "మొక్కుంది, వెళ్ళాలి" అంటే ఎవరూ కాదనరు. ఆ తరం ఆడవాళ్ళకి దొరికిన సెలవు చీటీ మొక్కే. యాత్ర వేరు, విశ్రాంతి వేరు అని విడదీసి, ఏది స్వచ్ఛమైన భక్తి అని తూకం వేసే తీరిక నాలాంటి వాడికే ఉంది.

నాలుగింటికి ద్వారకా తిరుమల చేరాం. పెద్ద తిరుపతి మొక్కు చిన్న తిరుపతిలో తీర్చుకోవచ్చు గానీ, చిన్న తిరుపతి మొక్కు ఇక్కడే తీర్చాలని మన వైపు మాట. కాబట్టి తప్పించుకునే దారి లేదు. కల్యాణకట్టలో కూర్చున్నాను. అమ్మ నా కళ్ళజోడు, ఫోను పట్టుకుని ఎదురుగా నిలబడింది. నేను ఒప్పుకున్నది దేవుడి మీద భక్తితోనా, అమ్మ మొహం చూసా? కచ్చితంగా చెప్పలేను. తల మీద చన్నీళ్ళు పడ్డప్పుడు మాత్రం ఆ రోజంతా మొదటిసారి ఏ ప్లానూ గుర్తు లేదు.

ఇక్కడ విమాన శిఖరం కింద ఇద్దరు స్వాములు. ద్వారక మహర్షికి పుట్టలో దొరికిన స్వయంభువు మూర్తికి పై భాగమే కనపడుతుంది. పాదాలు పుట్టలోనే ఉండిపోయాయని, పాదపూజ కోసం వెనక రామానుజులవారు నిండు విగ్రహం పెట్టారని చెబుతారు. మూలవిరాట్టుకి అభిషేకం ఉండదు. ఒక్క నీటి చుక్క పడినా కింద పుట్టలోంచి ఎర్రచీమలు వస్తాయంటారు. స్నానం గురించి ఇంత ఆలోచించుకుంటూ వచ్చిన నేను, స్నానమే లేని స్వామి ముందు గుండుతో నిలబడ్డాను. పక్కన అమ్మ కళ్ళు మూసుకుని ఏదో అంటోంది. ఈసారి ఏం మొక్కుతోందో అని కొంచెం భయం వేసింది కూడా.

తిరుగు దారిలో భీమడోలు దాటకముందే అమ్మ నిద్రలోకి జారిపోయింది. ప్రసాదం సంచీ ఒళ్ళో అలాగే ఉంది, తల కిటికీ వైపు వాలింది, నోరు కొంచెం తెరుచుకుంది. ఆమె పగటి పూట నిద్రపోవడం నేనెప్పుడూ చూడలేదు. ఏసీ తగ్గించాను, పాటలు ఆపేశాను. గూడెం వచ్చింది, మా వీధి మలుపు కూడా వచ్చింది. నేను తిప్పకుండా నిట్ వైపు ముందుకు పోనిచ్చాను. నాన్న ఫోన్ చేశారు, "ఎక్కడిదాకా వచ్చారు?" అని.

"ఇంకో అరగంట పడుతుంది నాన్నా," అని గుసగుసగా చెప్పి పెట్టేశాను.