నాలుగు రోజులు

ఒక మనిషిని ఉద్యోగంలోంచి తీసేశాను. పదిహేనేళ్ళు దాటింది. ఆయన దొంగో కాదో నాకు ఈనాటికీ తెలియదు.

అది 2010. ఇంగ్లండులో ఒక గోడౌన్‌లో షిఫ్టు మేనేజరుగా ఉండేవాణ్ణి. తాళం వేసి ఉంచే గదిలోంచి మూడు సెల్‌ఫోన్లు మాయమయ్యాయి. ఆ వేళకి సంచీతో అటు వెళ్తూ కెమెరాలో కనబడింది ఆయనే. పదకొండేళ్ళ సర్వీసు. విచారణకి యూనియన్ మనిషిని వెంట తెచ్చుకున్నారు. 1999 నాటి చట్టం ఇచ్చిన హక్కు అది. "సంచీలో నా అన్నం డబ్బా ఉంది. నాతో పనిచేసే అతను చూశాడు, అడగండి" అన్నారు. ఆ సాక్షి సెలవులో ఉన్నాడు. నాకేమో పై నుంచి తొందర. ఆ సాయంత్రమే ఉత్తరం చేతిలో పెట్టాను.

ఆయన ఎంప్లాయ్‌మెంట్ ట్రిబ్యునల్‌కి వెళ్ళారు. దొంగతనం రుజువు చెయ్యమంటారని బెదురుతూ వెళ్ళాను. వాళ్ళు అది అడగనే లేదు. 1978లో బర్చెల్ అనే ఉద్యోగిని కేసులో ఏర్పడిన కొలత ప్రకారం ప్రశ్నలు మూడే. ఈయన తప్పు చేశాడని మీరు నిజంగా నమ్మారా? నమ్మడానికి తగిన ఆధారముందా? తగినంత విచారణ చేశాకే ఆ నమ్మకానికి వచ్చారా?

అంటే ఏ తప్పూ చెయ్యనివాణ్ణి తీసేసినా న్యాయమే కావచ్చు. దొంగను తీసేసినా అన్యాయమే కావచ్చు. ఇదేం ధర్మం అనిపించింది. దొంగ ఎవరో తేల్చని న్యాయం ఎవరికి కావాలి?

మొదటి రెండు ప్రశ్నలూ దాటాను. మూడోదాని దగ్గర దొరికిపోయాను. సాక్షిని అడిగినా ఫలితం మారేది కాదని మా లాయరు వాదించాడు. 1987లో పోల్కీ కేసులో హౌస్ ఆఫ్ లార్డ్స్ ఆ దారి దాదాపుగా మూసేసింది: ఆ వాదనతో పరిహారం తగ్గవచ్చు గాని, అన్యాయం న్యాయమైపోదు. మా కేసులోనూ అంతే జరిగింది.

ఆ రాత్రి మా ఆవిడ అడిగింది: "ఏమండీ, ఇంతకీ ఆయన తీశాడంటారా?" జవాబు చెప్పలేకపోయాను.

అప్పుడు మా నాన్నగారు గుర్తొచ్చారు. ఆయన గుంటూరులో ప్రభుత్వ గుమాస్తా. ఒక ఫైలు కనబడలేదని సస్పెండు చేస్తే ఏడాదిన్నర ఇంట్లో కూర్చున్నారు. సంజాయిషీ వినకుండా ప్రభుత్వోద్యోగిని డిస్మిస్ చెయ్యకూడదని రాజ్యాంగం 311వ అధికరణం చెబుతుందని నాకు పదేళ్ళప్పుడే తెలుసు, మా ఇంట్లో రోజూ వినబడే మాట అది. చివరికి ఒక ఎంక్వయిరీ ఆఫీసరు ఆయన చెప్పిన సాక్షిని పిలిచి అడిగాడు. మా పొయ్యి మళ్ళీ వెలిగింది.

ఆ ఇంట్లో పెరిగినవాణ్ణి, నేనే అడగలేదు.

ఎదుటి మనిషి మనసులోకి తొంగిచూడడం ఏ కోర్టుకీ చేతకాదు. అందుకే చట్టం, శిక్షించే చేతిలో అధికారం ఉన్నప్పుడు ఆ చెయ్యి ఎంత జాగ్రత్త పడిందో చూస్తుంది. నిజం మనకి అందకపోవచ్చు. వినడం మాత్రం మన చేతిలోనే ఉంది. ఫారాలు నింపి విన్నామనుకోవడం వేరు, చెప్పినదాన్ని బట్టి మన నమ్మకం మారడానికి చోటివ్వడం వేరు. నేను మొదటిదే చేశాను.

ఆ సాక్షి సోమవారం సెలవు నుంచి తిరిగొచ్చాడు. ఆయన్ని అప్పటిదాకా జీతమిచ్చి ఇంట్లో ఉండమనవచ్చు. నాలుగు రోజులు. అంతకంటే పట్టేది కాదు.