చుట్టుదారి వలపు

ఈమధ్య పెళ్లికి ముందు తీసే ఫొటోషూట్లలో ఎర్ర పోస్టుడబ్బా తప్పనిసరి అయిపోయింది. పక్కన పాత సైకిలు, హ్యాండిలుకు లాంతరు, లంగావోణీలో అమ్మాయి, ఆమె చేతిలో ఉత్తరం. హైదరాబాదు శివార్లలో షూటింగులకు అద్దెకిచ్చే తోటలో ఒక గదినిండా ఈ సరంజామా చూశాను. ఇన్లాండు కవర్లు కట్టలుగా కట్టిపెట్టారు. ఒకటి విప్పితే లోపల అంతా ఖాళీ. నవ్వొచ్చింది గానీ ఆ జంటల్ని వెక్కిరించబుద్ధి కాలేదు. పొద్దస్తమానం ఫోన్లలో ఎర్రగుండెలు పంపుకునేవాళ్లు, తమ ప్రేమకు గుర్తుగా ఫోను పట్టుకుని ఎందుకు ఫొటో దిగరు?

పాత రోజుల మీద మోజు అంటే నేను ఒప్పుకోను. ఆ రోజులు వీళ్లకెవరికీ అక్కర్లేదు. అత్తగారి ఎదుట మొగుడితో మాట్లాడకూడని ఇల్లు, కబురు కోసం నెలల తరబడి ఎదురుచూపు ఎవరికి కావాలి? వాళ్లను లాగుతున్నది ఆ ప్రేమ వచ్చే దారి అనుకుంటాను. చుట్టు తిరిగి వచ్చేది. ఆ దారిలో సగం దూరం అవతలి మనిషి ఎదురు నడిచి రావాలి.

కూచిపూడి భామాకలాపం చూసినవాళ్లకు ఈ ముక్క విడిగా చెప్పనక్కర్లేదు. సిద్ధేంద్రయోగి కూర్చాడని చెప్పుకునే ఆ ఆటలో సత్యభామ తెర మీదుగా జడ వేసి మరీ సభకు వస్తుంది. నాకు సాటి ఎవరున్నారో రండి అని సవాలు. అంతటి గర్విష్ఠి, కృష్ణుడు దూరమయ్యాక చెలికత్తె మాధవి దగ్గర గోడు వెళ్లబోసుకుంటుంది. మాధవి గడుసుది. నీ మగడి పేరేమిటమ్మా అని అడుగుతుంది. సభకు సవాలు విసిరిన నోటికి ఆ ఒక్క పేరు రాదు. తల వంచుకుంటుంది, గుర్తులు చెబుతుంది, సైగలు చేస్తుంది. అర్థమై కూడా కానట్టు మాధవి మళ్లీ మళ్లీ గుచ్చుతుంది. ఆ పేరు సభలో చంటిపిల్లలకు సైతం తెలుసు. అయినా ఎప్పుడు పలుకుతుందా అని అందరూ కాచుకుని కూర్చుంటారు. వేదాంతం సత్యనారాయణ శర్మగారు ఆ వేషం కడితే, కట్టింది మగవాడన్న సంగతే మరిచిపోయేవాళ్లమని మా పెద్దలు అనేవారు. తర్వాత ఉత్తరం రాస్తుంది. అందులో ఉన్న కబురల్లా ఒక్కటే, రమ్మనడం. అక్కడికి చేరడానికి ఆవిడ పడిన పాట్లే రాత్రంతా ఆటగా నడుస్తాయి.

ఈ చుట్టుదారి అంతకన్నా పాతది కూడా. శాతవాహన రాజు హాలుడి పేర వెలసిన ప్రాకృత గాథాసప్తశతిలో, రాత్రికి తలదాచుకోవడానికి వచ్చిన బాటసారికి ఇంట్లో ఎవరి పడక ఎక్కడో పూసగుచ్చినట్టు చెప్పే కోడలు ఒకామె ఉంది. చుట్టూ ఉన్నవాళ్లకు అది జాగ్రత్త చెప్పడం, వినవలసినవాడికి పిలుపు. పడుచుతనంలో ఆ గాథల్ని తెలుగు చేశానని శ్రీనాథుడు చెప్పుకున్నాడు. ఆ పుస్తకం మనకు దక్కలేదు, మన దురదృష్టం.

కావ్యాల మాట అటుంచితే, ఈ విద్యను నేను దగ్గరగా చూసింది జగిత్యాల వైపు మా ఊళ్లో. ఎనభైల్లో ఏ ఇల్లు చూసినా ఒకరు దుబాయిలోనో మస్కట్‌లోనో ఉండేవారు. ఉత్తరాలు వచ్చేవి గానీ చదవగలిగిన ఆడవాళ్లు తక్కువ. బడికి పోయే పిల్లలమే చదివిపెట్టేవాళ్లం, రాసిపెట్టేవాళ్లం. పోస్టుకార్డు ఊరందరి సొత్తు. 1950లో ఇన్లాండు కవరు వచ్చాక సామాన్య సంసారాలకు చవకగా కాస్త చాటు దొరికింది. విదేశాలకు రాసే నీలి కాగితమూ అలాగే మడతపెట్టి అంటించేదే. మా వాడకట్టులో మాత్రం ఆ చాటు కూడా ఉత్తదే. రాసేది ఒకరు, చెప్పేది ఒకరు, వినేది ఇంటిల్లిపాదీ.

పక్కింటి చిన్నమ్మ నన్ను అరుగు మీద కూర్చోబెట్టి చెప్పేది. అత్త అక్కడే చాటలో బియ్యం ఏరుతూ ఉండేది. "రాయి బిడ్డా. వానలు మంచిగ పడ్డయని రాయి. బర్రె ఈనింది, పెయ్యదూడ అని రాయి. పెద్దోడు బడికి పోతుండు." కాసేపు ఆగింది. "జామచెట్టు మస్తు కాసింది, తినబుద్ధి అయితలేదని రాయి."

ముసలామె తలెత్తింది. "జామకాయల ముచ్చట గూడ రాస్తరానే?"

నాకూ అది దండగే అనిపించింది, కాగితంలో చోటు తక్కువ. అయినా రాశాను. నెల దాటాక జవాబు వచ్చింది. అందరి క్షేమం, పంపిన డ్రాఫ్టు, ఎవరి బాకీ ఎంత కట్టాలో లెక్క. అట్టడుగున, గమ్ము రాసే అంచు పక్కన, ఇరికించినట్టు సన్నటి అక్షరాలు: "జామకాయలు ఈడ గూడ దొరుకుతయి. రుచి లేదు." అందరూ విన్నారు. చిన్నమ్మ మళ్లీ చదవమంది. నేను బాకీల దగ్గర మొదలుపెడితే, "అది కాదురా, కిందిది" అంది.

అలాగని ఈ చుట్టుదారిని మరీ నెత్తికెత్తుకోలేం. మూసుకున్న నోళ్లన్నీ సిగ్గుతో మూసుకున్నవి కావు. చాలావాటిని మూయించారు. జీవితమంతా కాపురం చేసి ఒక్క చల్లటి మాటకు నోచుకోకుండా పోయినవాళ్లు ప్రతి వంశంలోనూ ఉంటారు. "మనసులో ఉంటే చాలు, పైకి చెప్పాలా ఏంటి" అనే మగవాడి మనసులో నిజానికి ఏమీ లేకపోవచ్చు కూడా. చలం 'ప్రేమలేఖలు' చదివి అంతమంది ఉలిక్కిపడింది ఆయన ఆ మూత ఎత్తి అవతల పారేసినందుకే. అయినా చూడండి, అన్ని అడ్డాలూ తోసిపుచ్చిన చలానికి కూడా కావలసింది ఉత్తరమే. ఎదురుగా లేని మనిషితోనే అంత మాట్లాడగలం కాబోలు.

జంధ్యాల తీసిన 'శ్రీవారికి ప్రేమలేఖ' 1984లో వచ్చింది, పొత్తూరి విజయలక్ష్మి నవల దానికి ఆధారం. ఎవరో తెలియని కాబోయే శ్రీవారికి అమ్మాయి సరదాగా ఉత్తరం రాస్తుంది. అది చేతికి చిక్కిన కుర్రాడు మనిషిని చూడకుండానే రాత వెంట పడతాడు. హాలంతా నవ్వులే గానీ, ఎదురు నడవడమంటే అదే. అతను తన సగమే కాదు, ఆమె సగం కూడా నడుస్తాడు.

ఇవాళ 'ఐ లవ్యూ' ఫోను పెట్టేసే ముందు అనే 'ఉంటా మరి'లాగా అయింది. తప్పు పట్టను. కానీ విన్నవాళ్లు చెయ్యవలసింది అందులో ఏమీ మిగలదు, తిరిగి అదే అనడం తప్ప.

ఆ పాత సరదా ఒకచోట ఇంకా చెక్కుచెదరలేదు. మొన్నో పెళ్లికి వెళ్లాను. ఇద్దరిదీ ఒకే ఆఫీసు, ఏళ్ల తరబడి 'ఒరేయ్', 'ఏయ్' అని పిలుచుకున్నవాళ్లే. ఆ పొద్దున మంటపంలో పిల్ల అతన్ని పేరు పెట్టి కేకేసి ఫోను చార్జరు అడగడం నేను విన్నాను. సాయంత్రం గుమ్మానికి ఆడబిడ్డ అడ్డం నిలబడి, మొగుడి పేరు చెబితేనే లోపలికి అంది. పిల్ల నోరు తెరిచింది, నవ్వొచ్చింది, ఆగింది. మళ్లీ మొదలుపెట్టి "నేనూ..." దగ్గరే చీర కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. వెనక ఆడవాళ్ల గోల. పాపం, పెళ్లికొడుకే మెల్లగా తన పేరు అందించాడు.

"నువ్వు చెబితే చెల్లదు" అని ఆడబిడ్డ మళ్లీ మొదటికి తెచ్చింది.