మిగులు బియ్యము

12వ శతాబ్దమున కల్యాణ నగరమందు ఆయ్దక్కి మారయ్య అను శరణుడుండెను. మహామనె ముంగిట నేలరాలిన బియ్యపు గింజలను ఏరి తెచ్చుట ఆయన కాయకము. ఒకనాడాయన నిత్యము తెచ్చుదానికంటె అధికముగా తెచ్చెను. ధర్మపత్ని లక్కమ్మ దానిని చూచి, అక్కరకు మించినది తమది కాదని చెప్పి, ఆ మిగులును తిరిగి అచ్చటనే పోసి రమ్మనెనని శరణచరిత్రలు చెప్పుచున్నవి.

అది గుప్పెడు గింజల కథ. ఓడలకొలది బియ్యపు కథ ఈ కాలమున జరిగినది.

కరీబియను సముద్రమందలి హైతీ దేశమున అర్తిబొనీతు లోయ వరిపంటకు పెట్టినది పేరు. 1980వ దశకము నడిమి వరకు ఆ దేశీయులు తినెడి బియ్యములో అధికభాగమును వారే పండించుకొనిరి. పిమ్మట స్వేచ్ఛావాణిజ్యము పేరిట, అంతర్జాతీయ ద్రవ్యనిధి షరతులకు లోబడి, 1995లో దిగుమతి బియ్యముపై సుంకమును 35 శాతమునుండి 3 శాతమునకు తగ్గించిరి. అమెరికా రైతునకు తన ప్రభుత్వపు సబ్సిడీ అండ యున్నది. హైతీ రైతునకు అట్టి అండ లేదు. చౌకబియ్యము పట్టణపు పేదవాని కంచము నింపినమాట నిజమే. కాని లోయలో సాగు క్షీణించెను. రైతులు బతుకుదెరువునకై పట్టణముల దారి పట్టిరి. 2008లో ప్రపంచమంతట ధాన్యపు ధరలు పెరుగగా ఆ చౌకయు నిలువలేదు. ఆకలిగొన్న ప్రజలు వీధులకెక్కిరి; ప్రధానమంత్రి పదవి పోయెను. నేడు హైతీ తినెడి బియ్యములో సుమారు ఐదింట నాలుగు పాళ్లు దిగుమతియే.

ఆ విధానమును నడిపిన అమెరికా మాజీ అధ్యక్షుడు బిల్ క్లింటన్ 2010 మార్చిలో సెనేటు సంఘము ఎదుట, దానివలన తన స్వరాష్ట్రమైన ఆర్కాన్సాసు రైతులలో కొందరికి మేలు కలిగియుండవచ్చునుగాని, అది పొరపాటేయని ఒప్పుకొనెను. తప్పు నొప్పుకొనుట పెద్దతనమే. అయినను బీడువడిన మడి మాటలతో తడియదు.

అట్లయిన వర్తకము పాపమా? కాదు. బసవేశ్వరుడే బిజ్జలుని భాండాగారమును నిర్వహించిన వాడు. ధనము విలువ నెరిగినవాడు. ఇచ్చిపుచ్చుకొనుట లోకధర్మము. అయితే ఒకని మిగులు వేరొకని కాయకమును మ్రింగినయెడల, దానిని వర్తకమనినను, సహాయమనినను దోషము దోషమే. ఆకలిగొన్నవానికి అన్నము పెట్టుట దాసోహము. పెట్టు చేయి ఆ పుచ్చుకొనువాని నాగలిని విరువరాదు.

సోదరులారా! చౌకసరుకు చేతికి వచ్చినపుడు దాని వెల నడుగుట అందరకు తెలిసినదే. అది ఎవరి పనిని మాన్పించి వచ్చినదో కూడ అడుగవలెను. లక్కమ్మ తన గుడిసెలో, తన భర్తనే అడిగినది. పెద్ద రాజ్యములు పదునైదేండ్లు జాగుచేసిన ప్రశ్న నామె ఆనాటి సాయంత్రమే అడిగినది.